తంతి పోయినా తీగ పోలేదు

టెలిగ్రాం సేవను 2013 జూలైలో మూసేశారు. దాని కోసం 1885లో తెల్లదొరలు రాసిన చట్టం మాత్రం చావలేదు. 2023 టెలికాం చట్టంతో దానికి పాడె కడుతూనే, మూడో భాగాన్ని కరెంటు లైన్ల కోసం బతికించి ఉంచారు. ఎచ్చెర్లలో ఎవరి జీడితోట మీదుగా పెద్ద లైను వెళ్లినా, వెనకున్నది ఆ తాత చట్టమే!

దాని గొప్పదనం చూడండి. భూమి రైతుదే, పాసుపుస్తకమూ రైతుదే. టవర్ కాళ్లు నాలుగూ మాత్రం లైను వేసినవాళ్లవి. తీగ కింద కొబ్బరి మొక్క పెట్టకూడదు, ఇల్లు లేపకూడదు. కొనడానికి వచ్చినవాడు ఓసారి పైకి చూసి, మారుమాట లేకుండా బండెక్కేస్తాడు.

యజమాని ముందస్తు సమ్మతి అక్కర్లేదని 2016లో సెంచురీ టెక్స్‌టైల్స్ కేసులో సుప్రీంకోర్టు తేల్చేసింది. అంత కంపెనీ మాటే చెల్లలేదు, అరెకరం ఆసామి గోడు ఎవరికి పట్టింది? అడ్డుకుంటే కలెక్టర్ ఉత్తర్వు. పరిహారం చాలదంటే జిల్లా జడ్జి గుమ్మం.

టవర్ నేలకు భూమి విలువకు రెట్టింపు, తీగ దారికి 30 శాతం ఇవ్వాలని 2024లో కేంద్రం మార్గదర్శకాలిచ్చింది. బాగుంది. ఏ విలువకు? మెలికంతా అక్కడే. హైవే పక్క బేరానికీ, రిజిస్ట్రేషన్ ఆఫీసు ధరకూ ఉన్న దూరం ఏ టవరెక్కినా కనపడదు.

ఆసాములూ, గొయ్యి తవ్వాక గొడవపడితే లాభం లేదు. సర్వేకి వచ్చిన రోజే అభ్యంతరం రాసిచ్చి, రసీదు తీసుకోండి.