డ్రయ్యర్ గొట్టంలోని నూగుకు బహిరంగ లేఖ

నూగూ,

కార్తీకం వచ్చిందంటే నీ మీద నా కోపం రెట్టింపవుతుంది. బంగాళాఖాతంలో వాయుగుండం పడితే చాలు, మదనపల్లె, పుంగనూరు, కుప్పం వైపు ముసురు పట్టుకుంటుంది. దండెం మీది బట్టలు ముక్కవాసన కొడతాయి. పసిపిల్లలో మంచం పట్టిన పెద్దవాళ్లో ఉన్న ఇంట్లో డ్రయ్యర్ కొనేది సోకుకు కాదు, ఒక పొడిగుడ్డ కోసం. ఆ ఇళ్లలోనే నువ్వు చేరుతున్నావు.

నీకు చోటు దొరికేది డ్రయ్యర్ బిగించే తీరులో. ఏడు కేజీల బట్టలు స్పిన్ తిరిగాక కూడా లీటర్ల కొద్దీ నీళ్లు పట్టుకుని ఉంటాయి. ఆ నీరంతా ఆవిరై, నిన్ను వెంటేసుకుని, గొట్టం గుండా ఇంటి బయట పడాలి. ఇల్లు కట్టేటప్పుడు ఏసీకి చిల్లు పెట్టిస్తాం, గీజరుకు పాయింటు పెట్టిస్తాం, డ్రయ్యర్ గొట్టం ఊసే ఎత్తం. బిగించడానికొచ్చిన కుర్రాడు ముడతల ప్లాస్టిక్ గొట్టాన్ని రెండు వంకర్లు తిప్పి అటకలోకి తోసేసి పోతాడు.

మా వీధిలో అలాంటి గొట్టం ఒకటి విప్పుతుంటే దగ్గరుండి చూశాను. అతుకు దగ్గర లోపలికి దిగిన స్క్రూ మొనకు చుట్టుకుని ఉన్నావు: బూడిదరంగు ముద్ద, ఒకపక్క తడి, ఒకపక్క కరకరలాడే ఎండు, మధ్యలో ఆ ఇంటి పాప స్వెట్టరు గులాబీ పోగులు. నువ్వు అడ్డుపడి బయటికి పోనివ్వని ఆవిరికి వెనక గోడ సున్నం పొక్కిపోయి నల్లటి బూజు. ఆ గదిలోనే పాప పడుకునేది. రాత్రంతా దగ్గు.

సముద్రమట్టానికి 2,000 అడుగులకు పైనున్న ఊరు మా మదనపల్లె. మంచి గాలే మందుగా ఉన్న రోజుల్లో క్షయ రోగులు ఎక్కడెక్కడినుంచో ఇక్కడి ఆరోగ్యవరం శానిటోరియానికి వచ్చేవారు. అలాంటి ఊళ్లో పసిబిడ్డ నీ ఆవిరి పీల్చడం నేను సహించలేను.

నువ్వు అంటుకుంటే ఇంకా ఘోరం. డ్రయ్యర్ల వల్ల 2008–2010 మధ్య ఏటా సుమారు 2,900 ఇళ్లలో మంటలు రేగాయని అమెరికా ఫైర్ అడ్మినిస్ట్రేషన్ లెక్క కట్టింది. శుభ్రం చేయకపోవడమే ప్రధాన కారణమంది. డాలస్‌లో, న్యూజెర్సీలో మన పిల్లలు ఉంటున్న అద్దె ఇళ్లలోనూ నువ్వున్నావు. వీడియో కాల్‌లో వాళ్లకు భోజనం సంగతితో పాటు నీ సంగతీ అడుగుతున్నాను.

ఇక నిన్ను ఆగనివ్వం. గోడకు నాలుగంగుళాల చిల్లు, లోపల నున్నగా ఉండే రేకు గొట్టం, వీలైనంత పొట్టిగా, తిన్నగా. అతుకులకు స్క్రూలు వద్దు, ఫాయిల్ టేపు చాలు. బయటి మూతికి గాలి తోస్తే తెరుచుకునే రెక్క ఉండాలి. దోమల జాలీ మాత్రం పెట్టించం, నువ్వు ముందు మూసేసేది దాన్నే. బట్టలు వేసిన ప్రతిసారీ డ్రయ్యర్‌లో నిన్ను పట్టే జల్లెడ తీసి దులుపుతాం. ఎర్త్ ఉన్న 16 ఆంప్స్ పాయింటు తప్ప ఎక్స్‌టెన్షన్ బాక్సు జోలికి పోం. గోడ కొట్టనివ్వని అద్దె ఇంటివాళ్లకు గొట్టం అక్కర్లేని హీట్ పంప్ డ్రయ్యరే మేలు. ఖరీదెక్కువే, జల్లెడ దులపడమూ తప్పదు, అయినా ఆవిరిని నీళ్లు చేసి తొట్టిలో పడేస్తుంది.

కుప్పంలో మా చెల్లెలు ఇల్లు కడుతోంది. గోడలు లేస్తున్నాయి. చిల్లు ఎక్కడ వదలాలో సుద్దముక్కతో గుర్తు పెట్టి, మేస్త్రీకి చూపించి వచ్చాను.

మదనపల్లె నుంచి,
ఒక ఇల్లాలు