పైకోర్టు గడువు, కిందికోర్టు వాయిదా

మన న్యాయవ్యవస్థలో ఆలస్యానికి కూడా ఓ పిటిషన్ ఉంది. లిమిటేషన్ చట్టం 5వ సెక్షన్ కింద ‘ఆలస్యాన్ని మన్నించండి’ అని వేస్తారు. దానికో ఐఏ (మధ్యంతర దరఖాస్తు) నంబరు, ఎదుటివాడికి నోటీసు, అతగాడు కౌంటరు వేయడానికో వాయిదా, వేయకపోతే ఇంకో వాయిదా. మన్నించాలో వద్దో తేలేసరికి అసలు ఆలస్యాన్ని మించిన కొత్త ఆలస్యం పుట్టుకొస్తుంది.

అలాగని చట్టంలో గడువులు లేవనుకునేరు! జవాబుదావా 30 రోజుల్లో వేయాలి, మరీ బతిమాలితే 90. విచారణలో ఒక్కో పక్షానికి మూడు వాయిదాలకు మించి ఇవ్వకూడదు. 2002 జులై 1 నుంచి ఇవి అమల్లో ఉన్నాయి. 2005లో సుప్రీంకోర్టు వాటిని పరిశీలించి, 90 రోజులన్నది మరీ శిలాశాసనం కాదనీ, తప్పనిసరి పరిస్థితుల్లో నాలుగో వాయిదా కూడా ఇవ్వొచ్చనీ సెలవిచ్చింది. ఇంకేం, ఆనాటి నుంచి మన ఊళ్ల కోర్టుల్లో ప్రతి పరిస్థితీ తప్పనిసరి పరిస్థితే. సీనియర్‌గారు పై కోర్టులో ఉన్నారు. సాక్షికి జ్వరం. ప్లీడరుగారింట్లో పెళ్లి. ప్రతివాది ఇల్లు సమన్లు తీసుకెళ్లిన అమీనుకు దొరకలేదు. ఓట్లు అడిగేవాళ్లకూ, శుభలేఖలు పంచేవాళ్లకూ దొరికే ఇల్లే అది!

2023 అక్టోబరులో యశ్‌పాల్ జైన్ కేసు తీర్పు వచ్చింది. దావా పుట్టింది 1982లో. సుప్రీంకోర్టు మనసు కష్టపెట్టుకుని 12 ఆదేశాలిచ్చింది. సమన్లు వేళకు అందాలి, జవాబుదావా గడువులోగా పడాలి, వాయిదాలు అడిగినంత మాత్రాన ఇవ్వకూడదు. పాత కేసులపై హైకోర్టులు కమిటీలు వేసి కన్నేసి ఉంచాలి. చట్టం చెప్పిందాన్నే పాటించమని మళ్లీ ఆదేశించాల్సి వచ్చిందన్నమాట.

నాలుగు నెలలు తిరిగాయో లేదో, 2024 ఫిబ్రవరిలో అదే సుప్రీంకోర్టులో అయిదుగురు జడ్జీల ధర్మాసనం ఇంకో మాట చెప్పింది. ఫలానా కేసు ఫలానా తేదీలోగా తేల్చమని పైకోర్టులు మామూలుగా కిందికోర్టులకు గడువు పెట్టకూడదట. ఏ కేసు ముందు వినాలో అక్కడి జడ్జికే తెలుస్తుందట. సబబైన మాటే. పైదాకా వెళ్లి తొందరపెట్టించుకోగలిగినవాడి కేసు ముందుకు జరిగితే, బస్సుఛార్జీలకే అప్పు చేసేవాడి కేసు వెనక్కి జరుగుతుంది.

మరి డిక్రీ అమలు సంగతి? అమలు కోరుతూ వేసే పిటిషన్లు (ఈపీలు) ఆరు నెలల్లో తేల్చాలని 2021లో సుప్రీంకోర్టు చెప్పింది. 2025 మార్చిలో పెరియమ్మాళ్ కేసులో మళ్లీ చెప్పింది. ఈసారి ఆలస్యమైతే ఆ కోర్టు జడ్జే సంజాయిషీ ఇచ్చుకోవాలంది. అదే ఏడాది అక్టోబరులో లెక్క తీస్తే దేశమంతటా 8.82 లక్షల ఈపీలు తేలకుండా ఉన్నాయి. డిక్రీ చేతికొచ్చాకే కక్షిదారు కష్టాలు మొదలవుతాయని లండన్‌లో కూర్చున్న ప్రివీ కౌన్సిల్ 1872లోనే కనిపెట్టింది. ఓడినవాడు కోర్టులో ఏడిస్తే గెలిచినవాడు ఇంటికెళ్లి ఏడుస్తాడన్న మన సామెతకు ఆ దొరల సంతకం కూడా పడిందన్నమాట.

ఇప్పుడు సంజాయిషీ ఇచ్చుకోవాల్సిన ఆ జూనియర్ సివిల్ జడ్జిని చూడండి. పొద్దున కేసులు పిలిచే కాల్‌వర్క్ అయ్యేసరికే సగం పూట పోతుంది. పక్క కోర్టు ఖాళీ అయితే దాని ఇన్‌ఛార్జీ కూడా ఆయనకే. ఒక కేసులో సాక్ష్యం రాసుకుంటుండగా పైకోర్టు నుంచి స్టే వస్తుంది, ఆ ఫైలు కట్టేసి బీరువాలో పెడతారు. నెలాఖరుకు ఎన్ని కేసులు తేల్చావంటూ స్టేట్‌మెంటు అడిగేదీ ఆ పైవాళ్లే.

పది లక్షల జనాభాకు 50 మంది జడ్జీలు ఉండాలని, అదీ అయిదేళ్లలో జరిగిపోవాలని సుప్రీంకోర్టే 2002లో తీర్పిచ్చింది. మంజూరైన పోస్టులన్నీ కలిపి లెక్కేసినా ఇప్పటికీ 21 దగ్గరే ఆగింది. ఖాళీలు తీసేస్తే అదీ లేదు. కాబట్టి మిలార్డ్, కింది జడ్జిని సంజాయిషీ అడిగేముందు ఆ 2002 నాటి ఫైలు ఒకసారి తెప్పించుకోండి. దాన్ని అమలు చేయని ప్రభుత్వాలకు కూడా ఓ ఆరు నెలల గడువు పెట్టండి.