వంట సోడాలో రాజకీయం

స్పెయిన్ సినిమాలో పిల్లలది సర్కారీ కొలువు. ప్రభుత్వం మారితే శాఖ మారుతుంది, సెలవు మాత్రం దొరకదు.

నియంత ఫ్రాంకో ఏలుబడిలో వాళ్ళది దేవాదాయ శాఖ. 1955లో వచ్చిన ‘మార్సెలీనో, పాన్ ఇ వీనో’లో మఠంలో పెరిగే అనాథ కుర్రాడు అటక మీది క్రీస్తుకు రొట్టె, ద్రాక్షసారా మోసుకెళ్తాడు. ఏం కావాలో కోరుకోమంటే చనిపోయిన అమ్మను చూడాలంటాడు. కోరిక తక్షణం మంజూరు: కుర్రాడూ చనిపోతాడు. జనం కళ్ళు తుడుచుకున్నారు, మఠానికి మంచి పేరొచ్చింది. గొంతున్న పిల్లలకు వేరే డ్యూటీ. హొసెలీతో, మరిసోల్ పాటలు పాడి పెద్దల కష్టాలు గట్టెక్కించారు.

తర్వాత ఫైలు మేధావుల చేతికొచ్చింది. 1973లో విక్తోర్ ఎరిసె ‘తేనెపట్టు ఆత్మ’ తీసేనాటికి సెన్సారు బతికే ఉంది. నోరెత్తలేనివాడు ఒక పిల్ల కళ్ళ చాటున మాట దాచుకున్నాడంటే అర్థముంది. నా గొడవ విమర్శకులతోనే. నాన్న తేనెటీగల్ని పెంచితే నియంతృత్వమట, కిటికీ అద్దాలు తేనె రంగులో ఉన్నా నియంతృత్వమేనట. కార్లోస్ సౌరా ‘క్రీయా కుయెర్వోస్’లో (1976) పాప తండ్రి సైనికాధికారి. తన పాల గ్లాసులోని విషంతోనే నాన్న పోయాడని పాప నమ్మకం. తీరా చూస్తే అది వంట సోడా. ఫ్రాంకో 1975 నవంబరులోనే పోయాడు కదా, ఇక ఆ సోడా పొంగిన పొంగు ఇంతా అంతా కాదు!

రెండిట్లోనూ ఒకే పాప, ఆనా తొరెంత్. అంతేసి కళ్ళుండటమే ఆ పిల్ల నేరం. మొదటి సినిమా అప్పుడు, వేరే పేరుతో పిలిస్తే తికమక పడుతోందని ఎరిసె ముఖ్య పాత్రలన్నిటికీ నటుల పేర్లే పెట్టేశాడు. పాత్రంటే ఏమిటో తెలియని వయసు, ప్రతీక సంగతి దేవుడెరుగు. అందులో ‘ఫ్రాంకెన్‌స్టైన్’ సినిమా చూస్తూ ఆమె ఉలిక్కిపడేది కూడా నటన కాదు. ఎదురుగా నిజంగానే ఆ సినిమా వేసి, చూస్తున్న పిల్లను ఉన్నదున్నట్టు తీశారు. పుస్తకాల కొద్దీ రాయించుకున్న ఆ చూపు భూతాన్ని చూసి బెదిరిన పిల్ల చూపు, అంతే.

2017లో కార్లా సిమోన్ తన బాల్యాన్నే ‘వేసవి 1993’గా తీసింది. ఎయిడ్స్‌తో అమ్మానాన్నల్ని పోగొట్టుకున్న ఆరేళ్ళ ఫ్రీదా అబద్ధాలాడుతుంది, తనకంటే చిన్నదైన పిల్ల మీద కుళ్ళుకుంటుంది, మొహానికి రంగులు పూసుకుని జబ్బుపడ్డ అమ్మలా ఆట కడుతుంది. హమ్మయ్య, ఒక పిల్ల దొరికింది! చివర్లో మంచం మీద గెంతుతూ నవ్వుతూ, ఉన్నట్టుండి భోరుమంటుంది. ఎందుకేడుస్తున్నావంటే తెలియదంటుంది.

విమర్శకుడు అప్పటికే కలం మూత తీశాడు.