గోదావరి దాటొచ్చిన దూలం

నేను టేకు దూలాన్ని. గోదావరి అవతలి అడవిలో ఒక షికారు బంగ్లా కప్పు మోశాను. అది కూలాక మెట్‌పల్లిలో ఒక సామిల్లు ముందు పడున్నాను. నా కొసన అటవీశాఖ సుత్తి కొట్టిన ముద్ర ఇంకా చెరగలేదు. ముద్ర ఉంటే సర్కారు కలప, లేకుంటే దొంగ కలప. కలవారి అడవి విడుదుల చరిత్రకు మూలం ఆ ముద్రే అంటాను. అడవి అందరిదీ కాకుండా పోయాకే అక్కడ నాలుగు రోజులు మొరటుగా గడపడం కొందరికి వేడుకైంది.

అమెరికాలో న్యూయార్క్ రాష్ట్రపు అడిరాండాక్ కొండల్లో ఈ వేడుకకు ఒరవడి పెట్టినవాడు విలియం వెస్ట్ డ్యూరాంట్. 1870ల చివర్లో మొదలుపెట్టాడు. బెరడు వలవని దుంగలు, పెద్ద పెద్ద రాతి పొయ్యిలు, చూడ్డానికి అంతా ఆటవికం; వెనకాల మాత్రం నౌకర్లకు వేరే కొట్టాలు. ఆయన 1897లో కట్టడం ముగించిన సాగమోర్ అనే విడిదిని 1901లో కోటీశ్వరుడు ఆల్ఫ్రెడ్ వాండర్‌బిల్ట్ కొన్నాడు. మా వైపు దొరలకు బెరడు వేషం అక్కర్లేకపోయింది. నన్ను బాడిసతో చెక్కి నున్నగా చేశారు. మొరటు పనంతా గుమ్మం బయటే జరిగేది. మంచె కట్టడం, కట్టెలు మోయడం, డప్పులు కొట్టి పులిని తుపాకీ ముందుకు తరమడం ఊళ్లవాళ్ల వంతు, అదీ చాలాచోట్ల వెట్టికే.

వేట కోసమైనా దొరలు అడవిని కాపాడారు కదా అంటారు. తీసిపారేసే మాట కాదు. నిజాం వేటాడిన పోచారం అడవి 1952లో అభయారణ్యమైంది. అడిరాండాక్‌లోనూ సర్కారు అడవిని నరకొద్దని 1894లో రాష్ట్ర రాజ్యాంగంలోనే రాసుకున్నారు. కానీ కాపలా ఎవరి మీద? గోండు నాగలికర్రకు టేకు కొట్టినా నేరమే అయిన అడవి మాది. 1940లో జోడేఘాట్‌లో గోండుల తిరుగుబాటు నాయకుడు కుమ్రం భీం ప్రాణమిచ్చాక, తిరుగుబాటుకు కారణం తెలుసుకోవడానికి నిజాం సర్కారు మానవశాస్త్రవేత్త హైమెండార్ఫ్‌ను పంపింది. ఆయనకు కనిపించింది భూమికీ అడవికీ దూరమైన జనం. ఇక పులి సంగతి. మా వైపు కవ్వాల్ అడవి 1965లో అభయారణ్యం, 2012లో పులుల అభయారణ్యం అయినా, ఇప్పటికీ మహారాష్ట్రలోని తాడోబా వైపు నుంచి వచ్చే పులుల కోసం ఎదురుచూస్తూనే ఉంది. తుపాకీ కోసం దాచిన పులి మిగలదు మరి.

అడవిని తిన్నది కంట్రాక్టర్లే గానీ నాలుగు బంగ్లాలా అని ఇంకో ప్రశ్న. ఎక్కువ తిన్నది వాళ్లే, ఒప్పుకుంటాను. అయితే కంట్రాక్టరు దుంగకూ బంగ్లా దూలానికీ ముద్ర కొట్టింది ఒకే సుత్తి. ఇప్పుడు ఫాంహౌస్‌లు కట్టుకునేవాళ్లకు పాత టేకు మీద మోజు. చిత్రిక పట్టొద్దు, మచ్చలు అలాగే ఉంచండి అని ముందే చెప్పి మరీ బేరమాడుతున్నారు.