మొక్కుల శాఖాధిపతి

వరంగల్, హనుమకొండ పరిసరాల ఉమ్మడి కుటుంబాల్లో బీరువా తాళాలు, వంటింటి పెత్తనం, చివరికి టీవీ రిమోట్ సైతం కోడళ్ల చేతికి వెళ్లిపోయినా, మొక్కుల శాఖ మాత్రం నాయనమ్మ అధీనంలోనే మిగిలి ఉంటుంది. ఆపదలోనో ఆశతోనో దేవతకు మాట ఇచ్చి, పని నెరవేరాక చెల్లించుకోవడం మొక్కు కాగా, ఆ మాట ఇచ్చేది ఒకరు, అందుకు కాంటా ఎక్కేది మరొకరు, సొమ్ము కట్టేది వేరొకరు కావడం ఈ శాఖ ప్రత్యేకత.

ఏ వ్యవహారం ఏ దేవత పరిధిలోకి వస్తుందో నాయనమ్మకు క్షుణ్ణంగా తెలుసు. చిన్నాచితకా కోరికలకు ఐనవోలు మల్లన్నకు బోనం, కొత్తకొండ వీరభద్రునికి గుమ్మడికాయ, వేములవాడ రాజన్నకు కోడె సరిపోతాయి గానీ, ప్రాణం మీదికి వచ్చినవన్నీ మేడారం సమ్మక్క సారలమ్మలకే నివేదించబడతాయి. రెండేళ్లకొకసారి మాఘ పౌర్ణమి వేళ నాలుగు రోజులు సాగే, 1996లో రాష్ట్ర పండుగ హోదా పొందిన ఆ తల్లుల జాతరలో బెల్లమే ‘బంగారం’. నిలువెత్తు బంగారం అంటే ఎవరి పేర మొక్కారో వారి బరువుకు సరితూగే బెల్లాన్ని గద్దెల వద్ద సమర్పించడం.

చిక్కంతా ఆ బరువుతోనే. మనుమడికి మూడేళ్ల వయసులో జ్వరం ముదిరినప్పుడు మొక్కింది పన్నెండు కిలోల పిల్లవాడికి. ఒక జాతరకు ఇంట్లో అంటు వచ్చి, ఒక జాతరకు పరీక్షలు అడ్డుపడి, వాయిదా పడ్డకొద్దీ మొక్కు చక్రవడ్డీలా పెరిగి, అతడు ఇంజినీరింగులో చేరేనాటికి డెబ్బై అయిదు కిలోలకు చేరుతుంది. మొక్కిననాటి బరువే చెల్లిస్తే చాలదా అని తండ్రి బేరమాడితే, “పెంచింది తల్లి గాదురా? పెరిగిన కిలోలు ఎవరియి మరి?” అని ఆమె ఇచ్చే తీర్పుకు పై కోర్టు లేదు.

బెల్లం దుకాణం ముందర పెద్ద కాంటాకు ఒక పక్క మనిషిని కూర్చోబెట్టి, మరో పక్క బెల్లం ముద్దలు పేర్చి జోకుతారు. మనుమడు చెప్పులు విడిచి, ఫోను, పర్సు, బండి తాళాలు తీసి తండ్రికి అందించగా, ముల్లు సరిగ్గా నిలిచిన తరువాత కూడా నాయనమ్మ తన చేత్తో ఇంకొక ముద్ద వేస్తుంది. కోడలి వంతు రాగానే, బరువును పైకి చదవకుండా చీటీ మీద రాసిమ్మని ఆమె దుకాణదారుకు సైగ చేస్తుంది; అక్షరాలు రాకపోయినా అంకెలు బాగా వచ్చిన నాయనమ్మ ఆ చీటీని వీధి చివరి దాకా వినిపించేలా చదువుతుంది. గుడుంబా బట్టీలకు బెల్లం తరలిపోకుండా ఇటీవల కొనుగోలుదారుల ఆధార్ నకలు అడుగుతున్న నిబంధన ఆమెకు తలవంపుగా తోస్తుంది: “నేనెవరో సమ్మక్కకు తెల్వదా?”

దారిలో ములుగు గట్టమ్మకు కొబ్బరికాయ కొట్టి సాగిన బండి పస్రా దగ్గర వాహనాల వరుసలో గంటల తరబడి చిక్కుకుంటే, నాయనమ్మ కళ్లు మూసుకుని, బండి కదిలితే ఒక కోడిపుంజును ఇస్తానని తల్లికి మాట ఇస్తుంది. ముందు సీటులోంచి కొడుకు వెనక్కి తిరిగి, “పాత బాకీయే ఇంకా ముట్టలేదు గదనే అవ్వా!” అని మొత్తుకుంటుండగానే బండి కదులుతుంది.