సిద్ధాంతానికి లొకేషన్ కావలెను

ఆర్థికవేత్త కెమెరా ముందుకొస్తే లెక్కలు అటకెక్కుతాయి, లొకేషన్ల వేట మొదలవుతుంది. 1977లో బీబీసీ ఆర్థికవేత్త గాల్‌బ్రెయిత్ గారి చేత 'ది ఏజ్ ఆఫ్ అన్‌సర్టెన్టీ' అని 13 భాగాల టీవీ సిరీస్ తీయించింది. మార్కెట్‌ను గుడ్డిగా నమ్మొద్దన్నది ఆయన ధోరణి. ఒళ్లు మండిన అవతలి పక్షం మిల్టన్ ఫ్రీడ్‌మన్ గారిని బరిలోకి దింపింది. 1980లో 'ఫ్రీ టు చూజ్', పది భాగాలు.

ఫ్రీడ్‌మన్ గారు హాంకాంగ్ వెళ్లి, సర్కారు అడ్డు తప్పుకుంటే ఎంత వైభవమో చూడండన్నారు. ఒక్క చర్చి స్థలం తప్ప ఆ ఊరి నేలంతా సర్కారుదే, జనానిది లీజు మాత్రమే. లక్షలమంది ఉండేది సర్కారు కట్టిన ఇళ్లలో. మరో సీనులో పెన్సిల్ చేతబట్టి, దీని తయారీ అంతా మార్కెట్ మహిమేనని మురిసిపోతూ, దాని చివరి రబ్బరునిచ్చే చెట్టు మలయాకు చేరడంలో బ్రిటిష్ ప్రభుత్వం సాయం ఉందని ఆ ఊపులోనే చెప్పేశారు. అన్నట్టు, ఈ సిరీస్ ప్రసారమైంది అమెరికా పబ్లిక్ టెలివిజన్‌లో!

ఈసారి ఎవరైనా తీస్తే మా విశాఖ దయచేయండి. యారాడ కొండ మీద ట్రైపాడ్ పెట్టుకుని, ఏది ఏ వ్యవస్థో చెప్పండి చూద్దాం. షిప్‌యార్డుకు 1941లో పునాది పడింది వాల్‌చంద్ హీరాచంద్ గారి సింధియా కంపెనీ సొమ్ముతో. తర్వాత సర్కారు తీసుకుని హిందుస్థాన్ షిప్‌యార్డ్ అని బోర్డు కట్టింది. బస్సు కండక్టరు మాత్రం నేటికీ 'సింధియా, సింధియా' అనే అరుస్తాడు. రిఫైనరీ 1957లో అమెరికన్ కాల్టెక్స్‌ది, ఇప్పుడు హెచ్‌పీసీఎల్‌ది.

ఇక ఉక్కు ఫ్యాక్టరీ. 1966లో జనం ప్రాణాలిచ్చి అడిగారు. 1971లో ఇందిర శంకుస్థాపన చేశారు. సోవియట్ సాయంతో కట్టిన ఆ ఫ్యాక్టరీని 1992లో జాతికి అంకితం చేసేనాటికి సోవియట్ యూనియనే లేదు. అంకితం చేసిందెవరు? అంతకు ఏడాది ముందే సంస్కరణలకు తలుపులు బార్లా తెరిచిన ఆనాటి ప్రధాని పి.వి. ఏ దర్శకుడి స్క్రిప్టులో ఇముడుతుందిది?

సొంత ఇనుప గనుల్లేని ఈ సర్కారీ ఫ్యాక్టరీ మరో సర్కారీ సంస్థ ఎన్‌ఎండీసీ దగ్గర బజారు ధరకు ఖనిజం కొంటుంది. అమ్మేదీ కొనేదీ ఒకే యజమాని. బేరం మాత్రం స్వేచ్ఛా మార్కెట్‌ది! ఆ ఖనిజం దిగొచ్చే కిరండూల్ రైలు మార్గం 1960లలో జపాన్ సాయంతో పడింది, జపాన్‌కే ఖనిజం పంపడానికి. 2021 జనవరిలో ఉక్కు ఫ్యాక్టరీలో తన వాటా మొత్తం అమ్మేస్తామన్న కేంద్రం 2025 జనవరిలో దాన్ని నిలబెట్టడానికి 11,440 కోట్లు ప్రకటించింది. అదే కేంద్రం, అదే ఫ్యాక్టరీ.

ఆ అమ్మకం వద్దంటూ వేసిన కూర్మన్నపాలెం దీక్షా శిబిరం ముందు నిలబడి ఒక సారు 'ప్రభుత్వరంగం ఇంతే' అంటారు, ఇంకో సారు 'కార్పొరేట్ కుట్ర' అంటారు. ఇద్దరికీ చప్పట్లు పడతాయి. ఉక్కు కోసం సేకరించిన నేలలో కొంత గంగవరం పోర్టుకు పోయింది. ఆ పోర్టులో రాష్ట్రానికున్న 10.4 శాతం వాటాను 2021లో అదానీకి అమ్మేశారు. ఉక్కు కోసం నేల వదులుకున్నవాళ్లలో చాలామంది ఉద్యోగం వస్తుందని ఇచ్చిన ఆర్ కార్డు దాచుకుని ముసలివాళ్లయ్యారు. మైకు పెడితే వాళ్లు పెట్టుబడిదారీ విధానం గురించి గానీ సోషలిజం గురించి గానీ మాట్లాడరు, మా మనవడికైనా పోస్టు ఇప్పిస్తారా అని సారునే అడుగుతారు. నిడివి పెరిగిపోతోందని ఇద్దరు సార్లూ ఆ ముక్క కోసేస్తారు.