ఇంకో నాలుగు మెట్లే

మా వేంపల్లె దిక్కు కొండలు రెండే రకాలు. దేవుడుండేది ఒకటి, చిరుత ఉండేది ఒకటి. మొదటిదానికి శ్రావణ శనివారాల్లో పోతాం. రెండోదానికి అసలు పోం. గండిలో పాపాఘ్ని నది శేషాచలం కొండల్ని కోసుకుంటూ పోయే చోట ఆంజనేయస్వామికి దణ్ణం పెట్టుకుని, రెండు పక్కలా లేచిన కొండల్ని తలెత్తి చూసి, "ఎంత ఎత్తుండాయప్పా" అనుకుని, ఇంటికొచ్చి సంగటి తింటాం. ఆ ఎత్తున కాపురం పెట్టాలన్న ఆలోచన మా వంశంలో ఎవరికీ రాలేదు.

రాళ్ల విషయంలో మాకు కొంచెం పొగరు కూడా ఉంది. భూగర్భ శాస్త్ర గ్రంథాల్లో 'వేంపల్లె ఫార్మేషన్' అని ఒక శిలల వరస ఉంది. సున్నపురాయి జాతి డోలమైటు, దాదాపు 190 కోట్ల ఏళ్ల నాటిది. తుమ్మలపల్లెలో యురేనియం దొరికేది అందులోనే. ఇంత పేరున్న రాళ్ల పక్కన పుట్టినవాణ్ని, ఎవరి ఊరి గుట్ట చూసి బెదురుతాను?

మా చెల్లెల్ని బెజవాడకిచ్చాం. సంబంధం తెచ్చినాయన "చిట్టినగర్ దగ్గర సొంతిల్లు. గాలీ వెలుతురూ ధారాళం" అన్నాడు. ఒక్క అక్షరం అబద్ధం లేదు. ఎంత ఎత్తున అని మేం అడగలేదు, ఆయన చెప్పలేదు. పెళ్లి మా ఊళ్లో జరిగింది. తర్వాత నేను బెజవాడ వెళ్లినా దుర్గమ్మ గుడి దగ్గరో బస్టాండులోనో కలిసి మాట్లాడి వచ్చేవాణ్ని. "ఇంటికి రావేం న్నా" అని ఆ పిల్ల, "ఈసారి వస్తాలేమ్మా" అని నేను. ఈసారి తప్పలేదు. తోటలో చీనీకాయలు దిగినాయి. చెల్లెలికి ఒక గోతం నింపుకొని బస్సెక్కాను.

బెజవాడలో ఆటో ఆయన నన్నూ గోతాన్నీ ఒక సందు మొదట్లో దించి, "ఇంతవరకేనండి, పైకి ఆటో వెళ్లదు" అన్నాడు.

"మరి ఎట్ల పోయేది?"

ఆయన ఏమీ అనకుండా నా కాళ్ల వంక చూశాడు.

అప్పుడు దిగింది మా గైడు. ఏడో తరగతి, రెండు జడలు, హవాయి చెప్పులు. మా మేనకోడలు. "మావయ్యా, అమ్మ మిమ్మల్ని అన్నీ చూపించుకుంటూ తీసుకురమ్మంది" అంది. తల్లి మాట వేంపల్లె మాట, ఈ పిల్లది అచ్చం కృష్ణా జిల్లా మాట. మర్యాదకు లోటుండదు, దయ మాత్రం తక్కువ.

"ఇంగ ఎన్ని మెట్లుంటాయి పాపా?"

"ఎంతండీ, నాలుగు మెట్లే."

ఎక్కాను. నాలుగు దాటాయి, నలభై దాటాయి. మళ్లీ అడిగాను. "ఇంకో నాలుగు మెట్లే మావయ్యా." కొండ మీద పుట్టినవాళ్ల ఎక్కాల పుస్తకంలో నాలుగు తర్వాత అంకె లేదు.

ఆ మెట్లు ఒక చేతివి కావు. ఎవరింటి ముందు మెట్లు వాళ్లు, చేతిలో డబ్బున్న ఏడు, దొరికిన మేస్త్రీ చేత కట్టించుకున్నారు. ఒకచోట జానెడెత్తు, పక్కింటి దగ్గర మూరెడు, మలుపులో మెట్టే లేకుండా నున్నటి బండ. కాలికి ఒక పద్ధతి అలవాటయ్యేలోపు యజమాని మారిపోతాడు. పట్టుకోవడానికి కొన్నిచోట్ల ఇనప గొట్టం ఉంది, కొన్నిచోట్ల ఎవరిదో కిటికీ ఊచ ఉంది. ఒకచోట కిటికీ ఊచ అనుకుని పట్టుకుంది లోపల నిలబడ్డ పెద్దాయన చేతికర్ర. ఆయన కూడా వదల్లేదు. పాపం, ఆయనకూ పట్టు అవసరమే.

ఇంకో సంగతి. ఇక్కడ వీధి వేరు, వసారా వేరు కాదు. మెట్ల దారి ప్రతి ఇంటి గుమ్మం ముందు నుంచే పోతుంది. పళ్లు తోముకునేవాళ్లను, పసిబిడ్డకు నీళ్లు పోసేవాళ్లను, పూలు కట్టేవాళ్లను దాటుకుంటూ, అందరికీ క్షమాపణ చెప్పుకుంటూ ఎక్కాలి. అన్ని ఇళ్లలోనూ ఒకటే టీవీ సీరియలు. కింద ఇంట్లో అత్త చెయ్యెత్తింది. మలుపు దగ్గర ఇంట్లో కోడలి చెంప మీద దెబ్బ పడింది. ఆ తర్వాతి ఇంట్లో ఇంటిల్లిపాదీ ఒక్కొక్కరే ఆశ్చర్యపోయారు. నీళ్ల ట్యాంకు దగ్గరికొచ్చేసరికి కోడలు ఏడుపు ముగించింది, సబ్బు ప్రకటన వచ్చింది. మా చెల్లెలి ఇల్లు ఒక ఎపిసోడు ఎత్తున ఉంది, ప్రకటనలతో కలిపి.

గుమ్మం గుమ్మానికీ ఒకటే ప్రశ్న: "ఎవరింటికండీ?" నా దగ్గర ఊపిరి లేదు కాబట్టి గైడే జవాబు. "మా మావయ్య. కడప." కడప అనగానే ఒకావిడ పిల్లాణ్ని లోపలికి లాక్కుంది. సినిమాలు మాకు చేసిన మేలు అది. తర్వాత చొక్కా చెమటతో ఒంటికంటుకుపోయి, గోతం మీద చెయ్యేసుకుని మెట్టు మీద చతికిలపడ్డ నన్ను తేరిపార చూసి, "కడపా? అలా కనబడట్లేదే" అని పిల్లాణ్ని మళ్లీ బయటికి వదిలింది. మా జిల్లా పరువు ఆ మెట్టు మీదే పోయింది.

అక్కడే నా పక్కన గ్యాసు బండ దించాడొకాయన. వంటింటి సిలిండర్లో గ్యాసు 14.2 కిలోలు, ఇనుముతో కలిపి ముప్ఫై కిలోల దాకా ఉంటుంది. అది భుజానేసుకుని రోజంతా ఎక్కి దిగుతాడు. ఎంత పైకి మోస్తే అంత కూలి. ఆయన నా గోతాన్ని చూశాడు, నన్ను చూశాడు, "కొత్తాండీ?" అన్నాడు. అంత జాలి నేను ఆస్పత్రిలో కూడా చూడలేదు.

ఇక్కడ పైకి పోయేకొద్దీ మోత కూలి పెరుగుతుంది, ఇంటి అద్దె తగ్గుతుంది. హైదరాబాదు జూబ్లీ హిల్స్‌లో కొండ పేరు చెప్పి కోట్లు అడుగుతారు. తేడా కొండలో లేదు. కారెక్కే కొండ మీద డబ్బున్నవాళ్లుంటారు, కాళ్లు మాత్రమే ఎక్కగలిగే కొండ మీద ఆ కార్లు తోలేవాళ్లుంటారు. బెజవాడకు ఒక పక్క కృష్ణ, ఒక పక్క బుడమేరు, మధ్యలో రైలు పట్టాలు, మిగిలిన చోట కొండలు. వన్ టౌన్‌లో మూటలు మోసేవాళ్లు, రైల్వేలో పనిచేసేవాళ్లు, కొట్లలో గుమాస్తాలు పని దగ్గరే ఉండాలంటే మిగిలిన దారి ఒక్కటే, పైకి. బండ పగలగొట్టి, చదును చేసి, ఒక గది వేసి, కొడుక్కి పెళ్లయ్యాక దాని నెత్తిన ఇంకో గది వేశారు. మొగల్రాజపురం, గుణదల, విద్యాధరపురం, ఎటు చూసినా అదే కథ.

ఇంతలో నా గోతం సంగతి చెప్పాలి. గైడు ప్రతి మలుపులోనూ గోతం మూతి విప్పి రెండేసి చీనీకాయలు తీస్తోంది. "ఈ మామ్మగారు కుళాయి రాగానే మాకు కేకేస్తారు." రెండు. "ఈ అంకుల్ గోడ మీద నుంచే మన కేబుల్ వైరు." రెండు. "వీళ్ల కుక్క మనల్ని కరవదు." దానికీ రెండే. నీళ్లు కింద పంపు నుంచి పై ట్యాంకుకెక్కి, అక్కణ్నుంచి వేళ ప్రకారం కుళాయిలకు వస్తాయి. ఆ వేళకు ఇంట్లో లేకపోతే బిందెలు పెట్టే బాధ్యత పక్కింటివాళ్లది. నేను చెల్లెలికని తెచ్చిన కాయలు మొత్తం కొండ అప్పు తీరుస్తున్నాయి.

గోతం తేలికైంది గదా అని సంబరపడేలోపు ఇంకో పద్ధతి మొదలైంది. కింద కొట్టాయన మూడు నూనె ప్యాకెట్లు నా చేతిలో పెట్టాడు. "ట్యాంకు పక్కింటికండీ. ఎలాగూ పైకే కదా." దర్జీ ఆవిడ రెండు జాకెట్లు ఇచ్చింది. ఎలాగూ పైకే కదా. ఒక ముసలాయన బీపీ మాత్రలు, ఇంకొకరి దోసెల పిండి, ఎవరిదో స్కూలు బ్యాగు. నా పేరు ఒక్కరూ అడగలేదు. పైకి పోతున్నానా లేదా అన్నదొక్కటే చూశారు. గోతంలో చీనీకాయలు సగమయ్యాయి, బరువు మాత్రం అట్లనే ఉంది.

"పాపా, నేను చుట్టంగా వచ్చినా, హమాలీగా వచ్చినా?"

"ఉత్త చేతులతో ఎవరూ ఎక్కరు మావయ్యా. మా సారు కూడా పాలు తెస్తారు."

ఇల్లు చేరాను. చెల్లెలు చెంబుతో నీళ్లిచ్చింది. "వస్తివా న్నా! కూచో, కాళ్లు చాపుకో" అంది. కన్నీళ్లు ఆమెకూ వచ్చాయి, నాకూ వచ్చాయి. నావి మోకాళ్లవి. వంటింట్లో చూద్దును గదా, గట్టు మీద నల్లటి కడప బండ, నున్నగా మెరుస్తోంది. మా జిల్లా గనుల్లోది, నాకంటే ముందే వచ్చి చక్కగా కాపురం చేసుకుంటోంది. ఇంత బరువు ఎవరు మోశారమ్మా అంటే, నలుగురు మోశారట. ఆ నాలుగు ఎంతో నేను అడగలేదు.

తర్వాత డాబా మీద అసలు దర్శనం. గైడు చెయ్యి చాపి మొదలుపెట్టింది. "అది మా బడి. అది మా హిందీ టీచరు ఇల్లు, చూడకండి. అది స్టేషను."

"ఆ కొండ మీద స్తూపం?"

"గాంధీ కొండ. పిక్నిక్‌కి తీసుకెళ్లారు. ఎండ."

ఆ ఎండ వెనకాల చరిత్ర నాకు తెలుసు కాబట్టి చెప్పబోయాను. 1855లో పూర్తయిన కృష్ణా ఆనకట్ట పనులు చూసిన ఇంజనీరు పేరున దాన్ని ఒకప్పుడు ఓర్ కొండ అనేవారు. గాంధీ స్మారకంగా కట్టిన 52 అడుగుల స్తూపాన్ని 1968 అక్టోబరు 6న రాష్ట్రపతి జాకీర్ హుసేన్ ఆవిష్కరించారు. నేను 1968 దగ్గరికి వచ్చేసరికి శ్రోత గాలిపటం వెనక పరిగెత్తింది. తిరిగొచ్చాక, ప్రకాశం బ్యారేజీ ఎక్కడమ్మా అన్నాను. "దుర్గమ్మ కొండ అడ్డం మావయ్యా" అంది, ఆ కొండను నేనే తెచ్చి పెట్టినట్టు.

రైలు పట్టాలకు అవతల పరుచుకున్న ఇళ్లను చూపించినప్పుడు మాత్రం పిల్ల గొంతు మారింది. "అది సింగ్ నగర్. వరదప్పుడు మొత్తం నీళ్లే." 2024 సెప్టెంబరు మొదట్లో బుడమేరు ఊరి మీద పడింది. బ్యారేజీ దగ్గర కృష్ణ 11 లక్షల క్యూసెక్కులు దాటింది. సింగ్ నగర్‌లో పడవలు తిరిగాయి, డ్రోన్లతో అన్నం పొట్లాలు దించారు. అక్కడి చుట్టాలు ఈ కొండెక్కి మా చెల్లెలి రెండు గదుల్లో సర్దుకున్నారు. ఎప్పుడూ "ఆ ఎత్తుకు మేం రాలేం తల్లీ" అనేవాళ్లంతా ఆ రోజు నాలుగు మెట్లే అనుకుని ఎక్కారట.

అయితే కొండ క్షేమం అనుకోవడానికీ లేదు. వరదకు ముందు రోజే, ఆగస్టు 31న, మొగల్రాజపురంలో కొండచరియ ఇళ్ల మీద పడి ప్రాణాలు పోయాయి. 2020 దసరా రోజుల్లో ఇంద్రకీలాద్రి మీదే చరియలు విరిగాయి. ఇక్కడి రాయి ఎక్కువగా ఖొండలైటు. ఎండావానకు మెత్తబడి, పగుళ్లలోకి నీళ్లు తాగి, ఒకనాటి రాత్రి పట్టు వదిలేస్తుంది. దాన్ని తొలిచి ఇళ్లు కట్టినకొద్దీ ఆ పట్టు ఇంకా సడలుతుంది. ముసురు పట్టిన రాత్రి ఇంటి వెనక బండ వైపు చెవి పెట్టుకుని పడుకుంటామని మా చెల్లెలు మామూలుగా చెప్పింది. మా గండి రాళ్ల గురించి గొప్పలు చెప్పాలని నాకు మళ్లీ అనిపించలేదు.

మాట మార్చడానికి గైడుకు ఒక కథ చెప్పాను. దక్షిణ అమెరికాలో కొలంబియా దేశం, మెడెలిన్ నగరం. అక్కడ పదమూడో వార్డు కూడా ఇట్లాంటి కొండవాడే. ఒకప్పుడు తుపాకుల మోత. 2011లో మెట్ల బదులు ఆరుబయట ఎస్కలేటర్లు పెట్టారు. ఇప్పుడు ప్రపంచం నలుమూలల నుంచి జనం వస్తారు, ఆ కొండ మీద పుట్టిన పిల్లలే గైడ్లుగా తిప్పి చూపించి సంపాదించుకుంటారు. నువ్వూ చెయ్యొచ్చు ఆ పని అన్నాను.

పిల్ల శ్రద్ధగా విని ఒకటే అడిగింది. "కరెంటు పోతే మావయ్యా?"

నా దగ్గర జవాబు లేదు. కాసేపు ఆలోచించి తనే తీర్పు చెప్పింది: మెట్లన్నీ ఒకే ఎత్తున ఉండాలి, పట్టుకోవడానికి చివరిదాకా గొట్టం ఉండాలి, వెనక బండ జారకుండా గోడ ఉండాలి, ఎస్కలేటరు కొలంబియావాళ్లనే ఉంచుకోమనండి. ఏడో తరగతి పిల్ల వేసిన ఈ బడ్జెట్‌కు నా ఓటు పూర్తిగా ఉంది. ఓట్ల కోసం ఆ మెట్లెక్కేవాళ్లు కూడా దీన్నొకసారి వింటే మేలు. వాళ్లు మాత్రం ఉత్త చేతులతోనే ఎక్కుతారట, గైడే చెప్పింది.

మీరు బెజవాడ వెళితే దుర్గమ్మ దర్శనమయ్యాక ఇటూ ఒకసారి రండి. గైడుకు డబ్బివ్వబోకండి, తీసుకోదు. నీళ్ల సీసా, గట్టి చెప్పులు, పెద్ద సంచి ఉంటే చాలు. ఎక్కే ముందు సందు మొదట్లోని కొట్టు దగ్గర ఒక నిమిషం ఆగండి. పైకి పోవాల్సిన సామాను అక్కడ ఎప్పుడూ ఏదో ఒకటి ఉంటుంది.